నకలు అందిన రోజు నుంచి

"ఆ తేదీన, ఆ నెంబరు మీద మా ఆఫీసుకు అందింది కోర్టు ఉత్తర్వు కాదు, మై లార్డ్" అని ప్రభుత్వ వకీలు తాపీగా చెప్పేసరికి, హైకోర్టు హాల్లో గోడవారగా నిలబడ్డ హనుమక్క ఒక అడుగు ముందుకు వేసింది. పోయిన వారం మనం ఆమెను అక్కడే వదిలేశాం.

వెనకటి వారాలు చదవనివాళ్ళకు రెండు ముక్కలు చెప్పాలి. కర్ణాటకలో చింతామణి దాటాక తేనెబండ గుట్ట ఉంది. దాని కింద ముప్పై నాలుగు కుటుంబాలు తాతల కాలం నుంచీ రాయి కొట్టుకుని బతుకుతున్నాయి. కళ్ళెదుట ఉన్న గుట్టలో దొంగల్లా దాక్కుని కొట్టుకోవడం ఇంకెన్నాళ్ళని సంఘం పెట్టుకున్నారు. సంఘం పేరున క్వారీ లైసెన్సు కోసం గనుల శాఖకు అర్జీ ఇచ్చారు. హనుమక్క మొగుడు మునినారాయణప్ప అధ్యక్షుడు. ఎస్సెల్సీ, అంటే పదో తరగతి దాకా చదువుకున్న పాపానికి రాత పని అంతా కార్యదర్శి హనుమక్కది.

అర్జీ ఇచ్చి తొమ్మిదేళ్ళయింది. ఇస్తామంటే గుట్ట ఎక్కవచ్చు. ఇవ్వమంటే పైకి అప్పీలుకు పోవచ్చు. శాఖవాళ్ళు ఈ రెండింటిలో ఒక్కటీ అనలేదు. మూగనోము పట్టిన సర్కారు నోరు తెరిపించడానికి హైకోర్టు ఒక్కటే దారి అన్నారు, పోయారు. లైసెన్సు ఇచ్చి తీరాలని కోర్టు చెప్పలేదు. ఇస్తారో ఇవ్వరో తేల్చి చెప్పండి, ఈ ఉత్తర్వు నకలు అందిన రోజు నుంచి ఎనిమిది వారాల్లో చెప్పండి అంది.

కొంప మునిగింది ఆ 'నకలు అందిన రోజు నుంచి' అన్న దగ్గరే. జడ్జి చెప్పింది సర్కారు చెవిన పడకుండా ఉంటుందా అని గుట్ట కింది జనం అనుకున్నారు. సర్కారు వకీలు ఎదురుగానే ఉండి విన్నాడు కదా! కానీ విన్నది లెక్కలోకి రాదు. గెలిచినవాళ్ళే నకలు పట్టుకుపోయి ఆఫీసులో ఇచ్చుకోవాలి. ఇచ్చిన రోజు మొదటి రోజు. ఇవ్వకపోతే ఆ ఎనిమిది వారాలు ఎన్నేళ్ళకూ మొదలు కావు.

ఇచ్చి వస్తానని నకలు తీసుకుపోయింది ఓబళప్ప. హనుమక్కకు తోడబుట్టిన అన్న, పీణ్య ఫ్యాక్టరీల పేటలో సొంత వర్క్‌షాపు ఉన్నవాడు, బెంగళూరులో సంఘానికి ఉన్న ఒక్క దిక్కు. సాయంత్రానికి ఒక చీటీ తెచ్చి చెల్లెలి చేతిలో పెట్టాడు. దాని మీద నెంబరు ఉంది, తేదీ ఉంది, గుండ్రంగా సీలు ఉంది. ఏ కాగితం అందిందో మాత్రం లేదు. అది చూడాలని ముప్పై నాలుగు కుటుంబాల్లో ఒక్కరికీ తోచలేదు. అన్న తెచ్చిన చీటీని తిరగేసి చూడటానికి హనుమక్కకు చెయ్యి ఎట్లా వస్తుంది? ఆయుధపూజనాడు ఉలులూ సమ్మెటలూ వరసగా పేర్చి, నడుమ ఆ చీటీని పెట్టి, పసుపూ కుంకుమా బొట్టు పెట్టి హారతి ఇచ్చింది.

పదకొండు నెలలైనా శాఖ పలకలేదు. కోర్టు మాటను ధిక్కరించారని ఈసారి గట్టిగా పిటిషన్ వేశారు. పసుపు మరకల చీటీని లాయరు సుమ కోర్టుకు చూపిస్తే, ప్రభుత్వ వకీలు రిజిస్టరులో ఆ నెంబరు వెతికించి తెప్పించాడు. అదీ సంగతి.

"మరి అందింది ఏమిటి?" అని జడ్జి అడిగాడు.

"సంఘం రాసిన ఉత్తరం, మై లార్డ్. మేము మళ్ళీ రాసేదాకా మా అర్జీ మీద ఏ చర్యా తీసుకోవద్దు, ఆపి ఉంచండి అని అధ్యక్షుడు సంతకం చేసి ఇచ్చాడు. అడిగినట్టే ఆపి ఉంచాం."

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. తొమ్మిదేళ్ళు ఊరికే కూర్చున్నవాళ్ళు కూడా ఎంత మర్యాదస్తులైపోయారో చూడండి! నకలు అందనప్పుడు ధిక్కారం ఎక్కడిదని జడ్జి ఫైలు మూయబోయాడు. సుమ రెండు చేతులూ జోడించినంత పని చేసింది. వచ్చే నెలాఖరుకు కొత్త నిబంధన అమల్లోకి వస్తోందనీ, ఆ రోజుకు తేలని అర్జీలన్నీ రద్దయి గుట్టలు వేలానికి పోతాయనీ, ఈ రోజు నకలు ఇచ్చినా ఎనిమిది వారాలు నిండేసరికి గుట్ట ఉండదనీ గబగబా చెప్పింది. జడ్జి మూయబోయిన ఫైలు మళ్ళీ తెరిచాడు. నకలు ఎవరికి అప్పగించారు, ఎందుకు చేరలేదు, ఆ ఉత్తరం సంగతేమిటి, అన్నీ ప్రమాణపత్రంలో రాసి రేపు పొద్దున్నే ఇవ్వండి, నమ్మదగ్గట్టు ఉంటే గడువు రెండు వారాలకు కుదిస్తాను అన్నాడు.

వరండాలోకి రాగానే సుమ మునినారాయణప్ప వైపు తిరిగింది. బెళ్ళందూరు అపార్టుమెంట్ల నుంచి రోజూ రెండు గంటలు ట్రాఫిక్‌లో ఈదుకుంటూ వచ్చే పిల్ల. ఓపిక ఎక్కువే గానీ, ఆ పూట అది అడుగంటింది.

"అంకుల్, స్ట్రెయిట్‌గా చెప్పండి. ఆ లెటర్ మీద సైన్ మీదేనా?"

"నాకేమి తెల్సు మేడం? అట్లాంటి కాగితమే నేను చూడ్లేదు" అన్నాడు మునినారాయణప్ప. తలపాగా విప్పి మొహం తుడుచుకున్నాడు. "ఇంకేముంది, ఓబళప్పే చేసింటాడు."

"అయితే ఫోర్జరీ. అఫిడవిట్‌లో ఆయన పేరు పెట్టాల్సిందే. పోలీస్ కేసు కూడా అవుతుంది. అక్కా, మీ ఓన్ బ్రదర్ కదా, ఓకేనా మీకు?"

అమ్మ పోయినాక హనుమక్కకు తలదువ్వి బడికి పంపినవాడు ఓబళప్ప. తన పెళ్ళిలో అరుగు మీద కూర్చుని వెక్కివెక్కి ఏడ్చినవాడు. గుట్ట కింద ఒక ఆనవాయితీ ఉంది: కొత్త బండ మీద మొదటి సమ్మెట దెబ్బ అందరూ పెద్దగా ఒప్పుకున్న మనిషే వెయ్యాలి. లైసెన్సు వచ్చిన నాడు ఆ దెబ్బ ఓబళప్పదేనని సంఘం కూర్చుని తీర్మానం రాసుకుంది. రాసింది హనుమక్కే.

"మేడం, నాలుగ్గంటల దాకా టైమియ్యండి. వాణ్ణి మొహం మీద అడిగొస్తా" అంది. మొగుడితో, "నేను ఫోను చేసేదాకా నువ్వు దేనిమీదా సంతకం పెట్టద్దప్పా" అని చెప్పి, మునినారాయణప్ప ఏదో అనేలోపే మెట్రో స్టేషన్ వైపు నడిచింది.

మెజెస్టిక్‌లో రైలు మారి పీణ్యలో దిగేసరికి రెండు దాటింది. ఓబళప్ప వర్క్‌షాపు మూడో అడ్డరోడ్డులో. గ్రానైటు కోసే ఇనుప చక్రాలకు పళ్ళు అతికించడం అక్కడి పని. రెండు మిషన్లు రోడ్డు చివరికి వినబడేట్టు అరుస్తున్నాయి. లోపల రేకుల గది ఆఫీసు. గుట్ట మీద ఎండలో నల్లబడ్డ ఒళ్ళు ఏసీ కింద కాస్త తెల్లబడిందేమో గానీ, చెల్లెల్ని చూడగానే ఓబళప్ప మొహం విప్పారడం మాత్రం మారలేదు.

"ఏం పాపా, చెప్పకుండా వస్తివి! ఊట చేస్తివా? తినకుంటే చిత్రాన్నం తెప్పిస్తా ఉండు."

ఆ పిలుపు వినగానే హనుమక్కకు దుఃఖం ఒక్కసారిగా ముంచుకొచ్చింది. ఇరవై ఏళ్ళ కొడుకున్న ఆడదాన్ని 'పాపా' అని పిలిచే మనిషి ఈ లోకంలో ఇతనొక్కడే. ఇతనే ఆ పని చేసి ఉంటే తనకింక పుట్టిల్లు లేనట్టే.

"అన్నా, ఆ నకలు యాడ?" అంది నిలబడే.

"ఏ నకలు?"

"జడ్జి ఆర్డరు. ఇచ్చొచ్చినానని చీటీ తెచ్చిస్తివే, ఆ నకలు."

ఓబళప్ప ఒక్క క్షణం ఆమె కళ్ళలోకి చూశాడు. బుకాయిస్తాడేమో, కాదూ కూడదని ఒట్లు వేస్తాడేమో అని హనుమక్క కాచుకుని ఉంది. వేస్తే నమ్మడానికి కూడా సిద్ధంగా ఉంది, ఆడదాని మనసు అట్లాంటిది. అతను అవేమీ చేయలేదు. లేచి, బీరువా తెరిచి, అడుగు అర నుంచి ఒక కవరు తీసి టేబుల్ మీద పెట్టాడు. కోర్టు సీలుతో, మడత కూడా నలగకుండా, నకలు అట్లాగే ఉంది.

పదకొండు నెలలు. ఆ కవరు ఈ బీరువాలో ఉంటే గుట్ట కింద ముప్పై నాలుగు ఇళ్ళవాళ్ళు రోజులు లెక్కబెట్టుకున్నారు. పోలీసులు వచ్చిన ప్రతిసారీ, ఇంకొన్ని రోజులే కదా అని సర్దుకున్నారు. తను పూజ చేసిందేమిటి? తమ అర్జీని పక్కన పడెయ్యమని రాసిన ఉత్తరానికి రసీదు! దానికి కర్పూరం వెలిగించింది.

"యాలన్నా ఇట్ల చేస్తివి?" అంది. "నీకేమి తక్కువ చేస్తిమి మేము? నిన్ను నమ్మి గదా..."

"కూచో పాపా."

"కూచోను. చెప్పు."

"చేత్తో రాయి కొట్టే కాలం పొయ్యింది. నాయన ఏమి బాగుపడె దాంతో? మీకు లైసెన్సు వస్తే ఏం చేస్తారు? మళ్ళా అవే ఉలులు, అవే సమ్మెటలు. ఆ గుట్టకు మిషను పెట్టి పలకలు కోస్తే అది బంగారు గుట్ట. మీకట్లాంటి ఆలోచన ఉండాదా? ఒక్కరికి ఉండాదా?"

"అందుకని?"

"అందుకని నేనూ ఒక అర్జీ వేసినా. అదే సర్వే నెంబరుకు. ముందు పెట్టినోళ్ళకే ముందు. మీది మొదటిది, నాది రెండోది. మీది పక్కకు పోతే గదా నాది ముందుకొచ్చేది!"

ఎంత తేలిగ్గా చెప్పాడు! సంతలో ఎద్దు బేరం గురించి చెప్పినట్టు చెప్పాడు. హనుమక్క అతని మొహంలోకి తేరిపార చూసింది. తలదువ్విన చేతులు ఇవే, మాట్లాడుతున్న గొంతు అదే. లోపలి మనిషే ఎప్పుడు మారిపోయాడో తను కనిపెట్టలేకపోయింది. ప్రతి పండక్కీ వచ్చి, పక్కన కూర్చుని, పప్పు వడ్డించుకుని తిని, 'ఏమైంది పాపా మన అర్జీ' అని అడిగి పోయేవాడు. అడిగిన ప్రతిసారీ తను విడమరిచి చెప్పేది.

"తూ నీ బతుకు" అంది. "పోనీ, దక్కిందా నీకు? వచ్చే నెలాఖరుకు పెండింగు అర్జీలన్నీ రద్దంట. నీది గాని ఉంటుందా?"

ఓబళప్ప తల దించుకున్నాడు. "నాదీ పోతుంది" అన్నాడు. "ఇట్లాంటి నిబంధన వస్తాదని నాకేమి కల వచ్చిందా? మీది ఆపిచ్చి నాది నడిపించుకొందామంటే, వాళ్ళు నాదీ కదిలించ్లేదు. ఆ ఆఫీసులో ఏదీ కదలదు. అట్ల కదిలేదుంటే మీకు కోర్టు ఎందుకు?"

ఇంత కష్టంలోనూ హనుమక్కకు నవ్వు లాంటిదేదో వచ్చింది. చెల్లెలి గొంతు కోసి అన్న కూడబెట్టుకున్నది ఇదన్నమాట! గుట్ట ఇద్దరికీ లేకుండా పోయి, ఎవరో ఊరూ పేరూ తెలియని పెద్దమనిషి వేలంలో పాడుకుపోతాడు.

"సరే" అంది, కొంగు బిగించి. "నకలు ఇట్లియ్యి. ఈ పొద్దే ఆఫీసులో ఇస్తాము. రేపు కోర్టులో అఫిడవిట్టు వేస్తాము. దాంట్లో నీ పేరు రాస్తారు. మా ఆయన సంతకం దొంగతనంగా పెట్టినావని రాస్తారు. పోలీసులొస్తారు నీ దగ్గరికి. నేను వద్దని చెప్పను. ఆ మాట నీకు మొహం మీద చెప్పాలని వచ్చినా. తోడబుట్టిన రుణం ఇంతటితో తీరిపాయ."

"దొంగసంతకమా?" అన్నాడు ఓబళప్ప.

సరిగ్గా అప్పుడే కరెంటు పోయింది. మిషన్లు మూలిగి ఆగిపోయాయి. ఉన్నట్టుండి వర్క్‌షాపంతా నిశ్శబ్దమైపోయింది.

"దొంగసంతకమని ఎవురు చెప్పిరి నీకు?" ఓబళప్ప మళ్ళీ అడిగాడు. ఈసారి అతని గొంతులో జాలి ఉంది. ఆ జాలికే హనుమక్కకు మొదటిసారి భయం వేసింది. అతను అదే అర నుంచి ఇంకో ప్లాస్టిక్ కవరు తీశాడు. లోపలివి రెండు కాగితాలు. "నకలు దాచింది నేనే. ఉత్తరం తీస్కపొయ్యి ఇచ్చింది నేనే. దానికి ఏ శిక్షైనా వెయ్యి, పడతా. కానీ సంతకం నేను పెట్లేదు పాపా. చూడు."

మొదటిది అతను వేసిన అర్జీ నకలు. అర్జీదారులు అన్న చోట రెండు పేర్లున్నాయి. ఒకటి ఓబళప్ప. రెండోది మునినారాయణప్ప.

"సంఘంలో అయితే ముప్పై నాల్గు పాళ్ళల్లో ఒక పాలు. నాతో అయితే సగం. మీ ఆయనకు ఈ మాట చెప్పింటి, అంతే. కాళ్ళు పట్టుకొని బతిమాలింది లేదు, బెదిరించింది లేదు" అన్నాడు ఓబళప్ప.

హనుమక్క రెండో కాగితం అందుకుంది. సంఘం పేరున ఆఫీసులో ఇచ్చిన ఉత్తరానికి జెరాక్స్. చదవలేదు. తిన్నగా అడుగున సంతకం చూసింది. ఎవరినీ అడగాల్సిన పని లేకపోయింది. పెళ్ళైన కొత్తలో, వేలిముద్ర వెయ్యడానికి మొగుడు నామోషీ పడుతున్నాడని, సాయంత్రాలు చదును బండ మీద ఇటుక ముక్కతో అక్షరాలు దిద్దించింది తను. చేతి మీద చెయ్యి వేసి దిద్దించింది. మూడు నెలలు పట్టింది. అతను తన పేరు తను తప్పులేకుండా రాసుకున్న రోజు ఇద్దరూ కలిసి చింతామణిలో సినిమాకు పోయారు. ఆ పేరును ఎంత మంది అనుకరించినా ఆమె పోల్చుకోగలదు. ఇది అనుకరణ కాదు. కుదురుగా కూర్చుని, తొందర లేకుండా పెట్టిన సంతకం.

అన్న చేసింది ద్రోహం అనుకుంది ఇంతసేపూ. దానికి ఏడవగలిగింది, తిట్టగలిగింది. దీనికి ఏం చెయ్యాలో ఆమెకు తెలియలేదు. పదకొండు నెలలు ఒకే ఇంట్లో, ఒకే కంచం ముందు కూర్చుని, 'ఇంగా ఎన్ని దినాలే' అని అడిగినవాడు. పొద్దున్న కోర్టు వరండాలో తలపాగా విప్పి మొహం తుడుచుకున్నవాడు.

చేతిలో ఫోన్ మోగింది. మునినారాయణప్పే. హనుమక్క కాగితం మీంచి చూపు తిప్పకుండానే ఏదో నొక్కింది. స్పీకర్ ఆన్ అయిందని ఆమె చూసుకోలేదు.

"ఏమే, యాడుండావు?" మొగుడి గొంతు ఆ నిశ్శబ్దంలో గదంతా వినిపించింది.

"ఈడే. అన్న దగ్గర." తన గొంతు తనకే పరాయిగా ఉంది. "నువ్వు యాడుండావు?"

"నోటరీ దగ్గర. పని అయిపాయలే. నువ్వు ఫోను చేసేదాకా ఆగమంటివి. నీ ఫోన్ కలవకపాయ, మేడం కూడా ఈ పొద్దే దాఖలు చెయ్యాలని బో తొందర పడె. పెట్టేస్తి సంతకం."

"ఏమని పెడితివప్పా?"

"ఆ ఉత్తరం మీద సంతకం నాది కాదని. నా పేరు మీద దొంగసంతకం పెట్టింది మీ అన్నే అని. దేవుని మీద ప్రమాణం చేసి చెప్పినా. సీలు కూడా ఏసేసిరి. మేడం అది తీసుకొని కోర్టు లోపలికి పొయ్యింది."

టేబుల్ అవతల ఓబళప్ప కదలకుండా విన్నాడు. కోపగించుకోలేదు. ఉత్తరాన్ని చెల్లెలి చేతిలోంచి మెల్లగా తీసుకుని, ప్లాస్టిక్ కవరులో పెట్టి, కవరు మడిచి చొక్కా జేబులో వేసుకున్నాడు.

"రేప్పొద్దున నేనూ వస్తా పాపా కోర్టుకు" అన్నాడు నెమ్మదిగా. "చెయ్యని దానికి జైలుకు పోను నేను. నేను నోరు తెరిస్తే అఫిడవిట్టు అబద్ధమని తేలి మీ ఆయన పోతాడు, గుట్టా పోతుంది. తెరవకపోతే నేను పోతా. నాకంటే ముందు నువ్వు చెప్తావో, గమ్మునుంటావో, నీ ఇష్టం."

హనుమక్క అన్న వైపు చూసింది. చేతిలో వెలుగుతున్న ఫోన్ వైపు చూసింది. ముప్పై నాలుగు ఇళ్ళ గుట్ట ఇప్పుడు ఒకే ఒక్క అబద్ధం మీద నిలబడి ఉంది. అది తన మొగుడు ప్రమాణం చేసి చెప్పిన అబద్ధం. నిజం చెప్పాలన్నా, దాచాలన్నా, నష్టపోయేది తనవాళ్ళే.

"హలో, ఏమే, వినబడతాందా?" అన్నాడు అవతలి నుంచి మునినారాయణప్ప, కాస్త ఆత్రంగా. "మీ అన్న ఒప్పుకొన్నాడా?"